ఆటస్థలంలో తేనెపట్టు



బడి ఆవరణలో వేపచెట్టుకో, అపార్ట్‌మెంట్ పార్కులో గోరింట కంచెకో, అంగన్‌వాడీ గోడ పగులులోనో తేనెటీగలు చేరాయనుకోండి. అందరికంటే ముందు చూసేది పిల్లలే. వాళ్ల కేకలు విని పెద్దలు వస్తారు. వచ్చినవాళ్లలో ఒకాయన, "చీకటి పడ్డాక కాగడా పెడదాం. పీడా పోతుంది, కాస్త తేనే దొరుకుతుంది" అంటాడు. ఇంకొకాయన, "వాటి జోలికి మనం పోకపోతే మన జోలికి అవీ రావు, వదిలేయండి" అంటాడు. మూడో ఆయన అప్పటికే పురుగుమందు డబ్బా తెమ్మని మనిషిని పంపేసి ఉంటాడు.

ముగ్గురూ తొందరపడ్డారు. అక్కడున్నది ఏ ఈగో చూడకుండానే తీర్పు చెప్పేశారు.

పిల్లలు ఆడుకునే చోట తేనెటీగలు కనిపిస్తే, ఏదైనా చేతికి తీసుకునే ముందు మూడు ప్రశ్నలు వేసుకోవాలి. ఉన్నది ఏ ఈగ? పిల్లల కాలికీ చేతికీ ఎంత దూరంలో ఉంది? ఎన్నాళ్లు ఉంటుంది? ఈ మూడింటికీ జవాబు దొరికితే ఏం చేయాలో చాలావరకు తేలిపోతుంది. చాలాసార్లు పక్కకు జరపాల్సింది ఈగల్ని కాదు, ఉయ్యాలను.

మొదటి ప్రశ్నతో మొదలుపెడదాం. మన ప్రాంతాల్లో తేనె కూడబెట్టే ఈగలు ముఖ్యంగా నాలుగు రకాలు.

అన్నిటికన్నా పెద్దది కొండ తేనెటీగ. ముప్పావు అంగుళం దాకా ఉంటుంది. పెద్ద మర్రికొమ్మకో, నీళ్ల ట్యాంకు కిందో, మేడ చూరుకో ఒకే ఒక్క పట్టు వేలాడదీస్తుంది. ఆ పట్టు మూడు నాలుగు అడుగుల వెడల్పు కూడా ఉండొచ్చు. దానికి గూడు, కప్పు ఏమీ ఉండవు. ఈగలే ఒకదాన్నొకటి పట్టుకుని పట్టుకు తెరగా వేలాడతాయి. దూరంగా నిలబడి కాసేపు చూస్తే ఆ తెర మీద ఒక అల పాకడం కనిపిస్తుంది. కందిరీగ లాంటి శత్రువు దగ్గరికొచ్చినప్పుడు ఈగలు వరసగా పొట్టలు పైకెత్తి దించుతాయి. ఆ కదలిక చూసి వచ్చింది బెదిరి వెనక్కి పోతుంది. ఈ అల చూడ్డానికి బాగుంటుంది గానీ, అది హెచ్చరిక కూడా. ఈ నాలుగింటిలో నిజంగా ప్రమాదమైనది కొండ తేనెటీగే. ఒక పట్టులో వేలకు వేలు ఉంటాయి. రేగితే గుంపుగా వస్తాయి, చాలా దూరం తరుముతాయి.

రెండోది చిన్న తేనెటీగ. ఇది పొదల్లో, కంచెల్లో, చిన్న చెట్ల కొమ్మల్లో, ఒక్కోసారి బాల్కనీ చువ్వలకూ పట్టు పెడుతుంది. పట్టు అరచేతి నుంచి చేటంత దాకా ఉంటుంది, అదీ ఒక్కటే. దీన్ని కాస్త దగ్గర నుంచి చూడొచ్చు. పట్టు వేలాడే కొమ్మకు అటూ ఇటూ జిగురు పూసిన కట్లు కనిపిస్తాయి. చీమలు పాకి రాకుండా ఈగలు చెట్ల బంక తెచ్చి పూసుకున్న అడ్డుకట్టలవి. బంక ఎండి జిగి పోతే మళ్లీ కొత్తది పూస్తాయి. ఈ ఈగ నెమ్మదైనది. కొమ్మను ఊపితేనో, చేత్తో తాకితేనో తప్ప సాధారణంగా కుట్టదు. కుట్టినా కొండ ఈగంత విషం ఉండదు.

మూడోది పుట్ట తేనెటీగ. ఇది చీకటి కోరుకుంటుంది. చెట్టు తొర్రలో, పుట్టలో, గోడ బోలులో, వాడని నీళ్ల మీటరు పెట్టెలో, పాత కుండలో ఒకదాని పక్కన ఒకటిగా పట్టులు కట్టుకుంటుంది. పెట్టెల్లో పెట్టి పెంచే మన దేశవాళీ ఈగ ఇదే. పెట్టెకు అలవాటు పడే గుణం ఉంది కాబట్టి దీన్ని వేరేచోటికి మార్చడం మిగతావాటికన్నా తేలిక.

నాలుగోది కుట్టని ఈగ. చీమకన్నా కాస్త పెద్దది, నల్లగా ఉంటుంది. దీని ముల్లు కుట్టడానికి పనికిరాదు. పాత గోడల సందుల్లో కాపురం పెట్టి, గుమ్మానికి బంకతో చేసిన చిన్న గొట్టం తగిలిస్తుంది. ఆ గొట్టం కనిపించిందా, లోపల ఉన్నది కుట్టని ఈగే. మరీ విసిగిస్తే జుట్టులో దూరి చిరచిరలాడిస్తుందేమో గానీ పిల్లలకు ప్రమాదం లేదు. గొట్టం మీదికి సిమెంటు, సున్నం పోకుండా చూస్తే చాలు.

ఈ నాలుగూ కాక చాలామంది గమనించని ఒంటరి ఈగలు ఉన్నాయి. తేనెటీగలూ ఒంటరి ఈగలూ కలిపి ప్రపంచంలో ఇప్పటిదాకా గుర్తించిన జాతులు 20 వేలకు పైనే. పట్టు కట్టి గుంపుగా బతికేవి అందులో కొద్దిభాగమే. మిగతావాటిలో చాలా జాతుల్లో ప్రతి ఆడ ఈగా తన ఇల్లు తనే కట్టుకుంటుంది. రాణి ఉండదు, కాపలా సైన్యం ఉండదు, దోచుకోవడానికి తేనె నిల్వ కూడా ఉండదు. కాబట్టి ఇంటి కోసం మనిషి మీదికి దూకే అలవాటూ దానికి లేదు.

ఆటస్థలాల్లో మనం తరచుగా భయపడేది ఈ ఒంటరి ఈగలను చూసే. జారుడుబల్ల వెనక గట్టి మట్టిలో పెన్సిలు దూరేంత రంధ్రాలు కనిపిస్తాయి. ఒక్కో రంధ్రం దగ్గర కాస్త పొడిమట్టి పోగు ఉంటుంది. పొట్ట మీద నీలి చారలున్న ఈగ ఒకటి రివ్వున వచ్చి, గాలిలో ఒక్క క్షణం నిలబడి, లోపలికి దూరుతుంది. వెనక కాళ్ల మీద పసుపు పుప్పొడి ఉంటుంది. లోపల పుప్పొడీ మకరందమూ కలిపి ముద్ద చేసి, దాని మీద గుడ్డు పెట్టి, గది మూసేసి, ఇంకో గదికి తవ్వకం మొదలుపెడుతుంది. ఇదే జాతి మగ ఈగలను సాయంకాలం చూడాలి. ఎండిన గడ్డిపుల్ల మీద నాలుగైదు వరసగా చేరి, పుల్లను దవడలతో కరిచి పట్టుకుని అలాగే నిద్రపోతాయి. మగ ఈగలకు ముల్లే ఉండదు. ఏ జాతి ఈగల్లోనైనా అంతే.

ఉయ్యాల ఇనుప గొట్టంలో వాడకుండా వదిలేసిన బోల్టు రంధ్రం ఉందనుకోండి. అందులోకి గుండ్రటి ఆకుముక్క మోసుకుంటూ ఒక ఈగ పోతుంటుంది. అది ఆకులు కత్తిరించే ఈగ. మీ గులాబీ ఆకుల అంచుల్లో కత్తెరతో తీసినట్టు గుండ్రంగా ముక్కలు పోయి ఉంటే అది దాని పనే. ఈ ఈగ పుప్పొడిని కాళ్ల మీద కాక పొట్ట కింద మోస్తుంది. అందుకే దాని పొట్ట అడుగున పసుపు పూసినట్టుంటుంది. ఇక వెదురు పందిరిలో, ఎండిన దూలంలో వేలు దూరేంత బెజ్జాలు వేసే నల్లటి పెద్ద తుమ్మెద సంగతి మీకు తెలిసిందే. దాని మోత ఎక్కువ, కుట్టడం తక్కువ. చేత్తో పట్టుకుని నలిపితే తప్ప కుట్టదు.

కందిరీగను తేనెటీగతో కలిపేయకండి. కందిరీగ నడుము దారంలా సన్నగా ఉంటుంది, ఒంటి మీద నూగు తక్కువ. కాగితం లాంటి గూడును జారుడుబల్ల కిందో, కిటికీ మూలో పెడుతుంది. తేనెటీగ ఒకసారి కుడితే ముల్లు మన చర్మంలో ఉండిపోయి అది చచ్చిపోతుంది. కందిరీగ ముల్లు ఊడదు, మళ్లీ మళ్లీ కుట్టగలదు. పిల్లల చెయ్యి తగిలే చోట కందిరీగల గూడు ఉంటే ఉపేక్షించకుండా తెలిసినవాళ్లతో తీయించాలి.

రెండో ప్రశ్న, ఎంత దూరం. దూరమంటే అడుగులే కాదు, ఈగల దారి కూడా. ప్రతి పట్టుకూ ఒక రాకపోకల దారి ఉంటుంది. తొర్ర నోరు ఎటు తిరిగి ఉంటే ఆ ముందు భాగమంతా వాటి రహదారి. దాని పక్కన ఎన్నిసార్లు నడిచినా పట్టించుకోని ఈగలు, ఎదురుగా అడ్డంగా నిలబడితే విసుక్కుంటాయి. కాబట్టి ఉదయం ఎండ వచ్చాక, పిల్లలు లేని సమయంలో దూరంగా నిలబడి కాసేపు చూడండి. ఈగలు ఏ వైపు లేస్తున్నాయి, ఎంత ఎత్తున పోతున్నాయి అన్నది గమనించండి. మనిషి తల కన్నా పైనుంచి పోతుంటే సగం సమస్య లేనట్టే. తల ఎత్తులో పోతుంటే, ఆ దారికి అడ్డంగా ఒక ఆకుపచ్చ షేడ్‌నెట్టో, పాత చీరో గుంజలకు కట్టి తెర వేయండి. పట్టుకు దగ్గరగా కాదు, పిల్లలు తిరిగే వైపు. తెర దాటాలంటే ఈగలు పైకి లేవాల్సిందే. అలా ఆ దారి మన తలల మీదుగా పోతుంది.

నేలలో రంధ్రాలు చేసే ఒంటరి ఈగలైతే ఇంకా తేలిక. ఆ కాస్త మేర నాలుగు కర్రలు పాతి తాడు చుట్టండి. చెప్పుల్లేకుండా అటు పోవద్దని పిల్లలకు చెప్పండి. తొక్కితే తప్ప వాటితో గొడవ లేదు. కంచెలో చిన్న తేనెటీగ పట్టు ఉంటే, ఆ పొద చుట్టూ కూడా నాలుగైదు గజాలు తాడు కట్టి, ఆ నెలంతా కత్తిరింపులు ఆపించండి. తోటమాలికి చెప్పడం మరిచిపోకండి. ఇలాంటి పట్టుల దగ్గర మొదట కుట్లు తినేది చాలాసార్లు కంచె కత్తెర పట్టుకున్న ఆ మనిషే.

కొండ తేనెటీగ దగ్గర మాత్రం ఈ లెక్కలు చెల్లవు. ఊరి చివర పెద్ద చెట్టు నెత్తిన, ఎవరూ పోని చోట ఉంటే ఉండనివ్వండి. పట్టు కింద పిల్లలు ఆడుతుంటే, బడి గంట కొట్టే వరండా పైనే పట్టు ఉంటే, ఆ పక్కనే మధ్యాహ్న భోజనం పొయ్యి వెలిగిస్తుంటే, దాన్ని ప్రేమగా చూస్తూ కూర్చోకూడదు. ఆ కొమ్మ కింది భాగం మూసేయాలి, ఆటలు మరో వైపుకు మార్చాలి, పట్టు తీసేవాళ్లను పిలవాలి. మెతకదనం పేరుతో పిల్లలను ప్రమాదంలో పెట్టే హక్కు ఎవరికీ లేదు.

పొయ్యి మాట ఎందుకొచ్చిందంటే, కొండ తేనెటీగల్ని రేపేది చాలాసార్లు మనమే. చెత్త తగలబెట్టిన పొగ, టపాసులు, కొమ్మలు కొట్టడం, రాయి విసరడం, ఎగిరే గాలిపటం దారం తగలడం, ఇవీ కారణాలు. పెళ్లి ఊరేగింపుల్లో, శ్మశానాల దగ్గర తేనెటీగలు దాడి చేశాయన్న వార్తలు పత్రికల్లో ఏటా చూస్తూనే ఉంటాం. ఒక్కోసారి మన ప్రమేయమేమీ ఉండదు. తేనెగద్ద వచ్చి పట్టును తన్నుకుపోతే ఆ కోపం కింద ఉన్నవాళ్ల మీద పడుతుంది. పట్టున్న చెట్టు కింద నీడ ఎంత చల్లగా ఉన్నా ప్రార్థన గానీ, భోజనాలు గానీ పెట్టొద్దని చెప్పేది అందుకే.

మూడో ప్రశ్న, ఎన్నాళ్లు. ఇది మనం అడగనే అడగం. ఈగ వచ్చిందంటే ఇక శాశ్వతంగా ఉండిపోతుందనుకుంటాం. అది నిజం కాదు. చెట్టు కొమ్మకు అకస్మాత్తుగా ఈగల ముద్ద ఒకటి వేలాడుతూ కనిపిస్తే, లోపల పట్టు ఉండకపోవచ్చు. పాత ఇల్లు వదిలి కొత్త ఇంటికి బయలుదేరిన మంద దారిలో ఆగి ఉంటుంది. కడుపు నిండా తేనె తాగి బయలుదేరుతాయి. కాపాడుకోవడానికి పిల్లలు లేవు, నిల్వ లేదు. ఆ స్థితిలో ఈగలు మామూలుకన్నా శాంతంగా ఉంటాయి. కొన్ని గంటల్లోనో, రెండు మూడు రోజుల్లోనో వాటి దారిన అవి పోతాయి. ఆ పూటకు ఆటలు లోపల ఆడిస్తే సరిపోతుంది.

ఒంటరి ఈగలు చాలావరకు బయట తిరిగేది కొద్ది వారాలే. ఆ తర్వాత మూసేసిన గదుల్లో వాటి పిల్లలు నేల కింద పెరుగుతుంటాయి, పైన మనకు ఏమీ కనిపించదు. చిన్న తేనెటీగ పూత తగ్గితే, ఎండ నేరుగా తగిలితే, చీమల బెడద పెరిగితే పట్టు వదిలేసి పోతుంది. కొండ తేనెటీగ పూతల వెంట వలస తిరుగుతుంది. అయితే దానికి ఇంకో అలవాటుంది, ఏటేటా అదే చెట్టుకు, అదే ట్యాంకుకు తిరిగి వస్తుంది. కాబట్టి ఈగలు వెళ్లిపోయాక ఖాళీ పట్టు గీకించి, మైనం మరకలు కూడా పోయేలా శుభ్రం చేయించి, వచ్చే ఏడు అక్కడ దిగకుండా ముందే వల కట్టించుకోవాలి. ఖాళీ అయ్యాక చేసే ఈ పనికి ఏ సాహసమూ అక్కర్లేదు.

ఇక తప్పనిసరిగా మార్చాల్సి వస్తే ఏం చేయాలి? ఎవరు చేయాలి?

పుట్ట తేనెటీగలైతే తేనెటీగల పెంపకందారు ఎవరైనా సంతోషంగా వస్తారు, వాళ్లకు మంద దొరుకుతుంది. ఆ పని చూడదగ్గది. కాస్త పొగ చూపి, పట్టులను ఒక్కొక్కటే కోసి, పిల్ల పురుగులున్న భాగాన్ని చెక్క చట్రంలో పెట్టి అరటినారతో కడతారు. చట్రాలను పెట్టెలో దించుతారు. రాణి ఈగ పెట్టెలోకి చేరిందంటే మిగతావన్నీ దాని వెంటే వస్తాయి. కొన్నాళ్లలో ఈగలే పట్టును చట్రానికి మైనంతో అతికించుకుని, ఆ నారను కొరికి బయట పారేస్తాయి. పెట్టెను మాత్రం సాయంత్రం, బయటికి పోయిన ఈగలన్నీ ఇంటికి చేరాకే తీసుకెళ్లాలి. నాలుగు గజాల అవతల పెడితే లాభం లేదు. ఈగలు పాత చోటును గుర్తుపెట్టుకుని అక్కడికే వచ్చి దిక్కులేక తిరుగుతాయి. కొన్ని కిలోమీటర్ల దూరం తీసుకెళ్తే కొత్త చోటును కొత్తగా నేర్చుకుంటాయి.

చిన్న తేనెటీగల పట్టును కూడా కొమ్మతో పాటు పలచటి గుడ్డలో చుట్టి, సాయంత్రం వేళ కోసి, అలాంటి నీడే ఉన్న మరో పొదలో కట్టొచ్చు. అక్కడ నచ్చకపోతే అవి లేచిపోతాయి. పోయినా ప్రాణాలతో పోతాయి.

కొండ తేనెటీగలను దించే విద్య వేరు. నల్లమలలో చెంచులు లోయల అంచుల నుంచి తాళ్ల మీద దిగి ఈ తేనె తీస్తారు. పైన తాడు పట్టుకునే బాధ్యత బావమరిదికి ఇస్తారని చెబుతారు. తన అక్కో చెల్లెలో విధవ కాకూడదని అతను పట్టు సడలనివ్వడట. పట్టు మొత్తం కోయకుండా ఈగలకు కొంత వదిలిపెట్టడం అడవి తేనె తీసేవాళ్లు పాటించే పద్ధతి. తరతరాలుగా ఈ పని తెలిసినవాళ్లు చేసినా జాగ్రత్త అవసరమైన పని ఇది. నిచ్చెన, కిరోసిన్ గుడ్డ పట్టుకుని హుషారుగా ఎక్కే కుర్రాడి చేత చేయించేది కాదు. బడి లేని రోజున, చీకటి పడ్డాక, చుట్టుపక్కల ఇళ్లకు ముందే చెప్పి, లైట్లు ఆర్పించి చేయించాలి. రాత్రి లైటు వేస్తే రేగిన ఈగలు ఆ లైటు మీదికే వస్తాయి. ఎర్రటి వెలుగు మాత్రం ఈగల కంటికి ఆనదు. అందుకే తెలిసినవాళ్లు టార్చికి ఎర్ర కాగితం చుట్టుకుంటారు.

కాగడా ఎందుకు వద్దంటున్నానో చెప్పాలి. కాలేది పట్టులో కొన్ని ఈగలే. మిగతావి చీకట్లో చెల్లాచెదరై, రెక్కలు మాడి నేలమీద పాకుతుంటాయి. తెల్లారి వట్టి కాళ్లతో పిల్లలు తొక్కేది వాటినే. పురుగుమందు కథా అంతే. మందు తగిలిన ఈగ వెంటనే చావదు, గిలగిల్లాడుతూ దొరికినదాన్ని కుడుతుంది. ఆ మందు జారుడుబల్ల మీద, ఇసుకలో, చెట్టు మొదట్లో మిగిలిపోతుంది. ఈగల నుంచి కాపాడదామని పిల్లల అరచేతులకు విషం పూసినవాళ్లమవుతాం. ఆ పట్టు నుంచి కారిన తేనెను ఎవరైనా నాకితే అది ఇంకో ముప్పు.

ఎవరైనా కుట్టించుకుంటే ఏం చేయాలో ఇప్పుడు చెబుతాను. దయచేసి శ్రద్ధగా వినండి.

మొదట పిల్లను అక్కడి నుంచి దూరంగా తీసుకెళ్లాలి. తేనెటీగ కుట్టినప్పుడు ముల్లు దగ్గర నుంచి ఒక వాసన వస్తుంది, పండిన అరటిపండు వాసనలా ఉంటుంది. అది మిగతా ఈగలకు, "ఇక్కడే కుట్టండి" అని పిలుపు. అక్కడే నిలబడి ముల్లు తీస్తుంటే ఇంకో నాలుగు వస్తాయి. చేతులు ఊపొద్దు. మొహం, కళ్లు కప్పుకుని గదిలోకో, తలుపులున్న వాహనంలోకో పరిగెత్తాలి. చెరువులోకో తొట్టిలోకో దూకితే ఈగలు పైనే తిరుగుతూ కాచుకుంటాయి, పిల్లలకు అది మరీ ప్రమాదం.

లోపలికి వచ్చాక ముల్లు వెంటనే తీసేయండి. ఊడిపోయిన ముల్లుకు అంటుకున్న విషపు తిత్తి కాసేపు లోపలికి విషం పంపుతూనే ఉంటుంది. గోరుతో గీకినా సరే, వేళ్లతో లాగినా సరే, ఎలా తీశామన్నదానికన్నా ఎంత త్వరగా తీశామన్నదే ముఖ్యం. తర్వాత సబ్బునీళ్లతో కడిగి, చల్లటి తడిగుడ్డ వేయాలి. మన ఇళ్లలో వెంటనే సున్నం పూస్తారు. పసిపిల్లల చర్మాన్ని సున్నం కాల్చుతుంది, విషాన్ని విరచదు. కిరోసినూ అంతే.

కుట్టినచోట వాపు, నొప్పి, దురద మామూలే. మామూలు కానివి వేరే ఉన్నాయి. ఒళ్లంతా దద్దుర్లు, పెదవులూ నాలుకా వాయడం, గొంతు బొంగురుపోవడం, ఊపిరి ఆడకపోవడం, వాంతులు, కళ్లు తిరగడం, వీటిలో ఏది కనిపించినా అది అలర్జీ. ఒక్క ఈగ కుట్టినా రావచ్చు, నిమిషాల్లో ముదరవచ్చు. క్షణం ఆలస్యం చేయకుండా 108కి ఫోన్ చేయండి. దీనికి మందు తొడకు ఇచ్చే అడ్రినలిన్ ఇంజెక్షన్. అది ఇవ్వగలిగే ఆసుపత్రికి తీసుకెళ్లాలి. నోట్లోనో గొంతులోనో కుట్టినా, చాలా ఈగలు కుట్టినా, పిల్లవాడు పైకి బాగానే కనిపిస్తున్నా సరే ఆసుపత్రికి వెళ్లాల్సిందే. ఎక్కువ కాట్ల విషం తర్వాతి రోజుల్లో మూత్రపిండాలను దెబ్బతీయగలదు.

కుట్టేదాకా రాకుండా చూసుకోవడమూ మన చేతిలో పనే. వేసవిలో ఈగలు నీళ్ల కోసం కారే కుళాయిల దగ్గరికి వస్తాయి. పిల్లలూ అక్కడికే వస్తారు. కుళాయి బాగుచేయించి, ఆవరణకు ఓ మూల వెడల్పాటి మూకుట్లో గులకరాళ్లు వేసి నీళ్లు పోసి పెట్టండి. ఈగలు రాళ్ల మీద వాలి మునగకుండా తాగుతాయి. రోజూ ఆ నీళ్లు మారిస్తే దోమలూ పెరగవు. తియ్యటి జ్యూసు సీసాలు మూతలేకుండా వదిలేయకూడదు. సీసాలో దూరిన ఈగ నాలుక మీద కుడుతుంది. గోడ బోలులు, మీటరు పెట్టెలు, పాత గొట్టాలు ఖాళీగా ఉన్నాయని తేల్చుకుని వేసవి సెలవుల్లో పూడ్చేయండి. లోపల ఈగలుండగా మాత్రం సిమెంటు మెత్తకండి. అవి బయటికి ఇంకో దారి వెతుక్కుంటాయి, ఆ దారి తరగతి గదిలోకే తెరుచుకోవచ్చు.

ఇంత శ్రమ ఎందుకు, పోతే పోనివ్వక అనేవాళ్లకు ఒక మాట. బెండ, గుమ్మడి, దోస, పుచ్చ, నువ్వులు, పొద్దుతిరుగుడు ఈగల రాకపోకలతో బాగా కాస్తాయి. టమాటా, వంగ పూలలో పుప్పొడి చిన్న గొట్టాల్లో బంధించి ఉంటుంది. పట్టు తేనెటీగకు అది తీయడం చేతకాదు. నీలిచారల ఈగ, తుమ్మెద ఆ పూవును కరిచి పట్టుకుని ఒళ్లంతా జుమ్మని అదిరిస్తే అప్పుడు పుప్పొడి రాలుతుంది. బడి పెరట్లో వంకాయలు బాగా కాయాలంటే జారుడుబల్ల వెనక ఆ నాలుగు రంధ్రాలు ఉండాలి.

పిల్లలకు ఇవి చెబితే భయం పోయి జాగ్రత్త మిగులుతుంది. ఐక్యరాజ్యసమితి 2017లో మే 20ని ప్రపంచ తేనెటీగల దినంగా ప్రకటించింది. మన బడులకు అప్పుడు సెలవులు కాబట్టి ఆ పండగ మన ఆటస్థలాల దాకా రాదు. రాకపోయినా నష్టం లేదు. పరీక్షలైపోయిన ఏ మధ్యాహ్నమో తాడు ఇవతల పిల్లల్ని కూర్చోబెట్టి, పది నిమిషాల్లో ఎన్ని ఈగలు లోపలికి వెళ్లాయి, ఎన్ని పుప్పొడితో వచ్చాయి, పుప్పొడి కాళ్ల మీద ఉందా పొట్ట కింద ఉందా రాయమనండి. అలా కళ్లతో లెక్కపెట్టిన పిల్లవాడి చెయ్యి రాయి మీదికి సులభంగా పోదు. రాయి విసిరేవాణ్ని వాడే ఆపుతాడు.

చివరిగా బడి పెద్దలకు, అపార్ట్‌మెంట్ సంఘాలవాళ్లకు, అంగన్‌వాడీ అక్కలకు ఒక పని. మీకు దగ్గరలో తేనెటీగలు పెంచేవాళ్లు ఎవరున్నారో, కొండ పట్టు పద్ధతిగా దించేవాళ్లు ఎవరున్నారో, మీ జిల్లా కృషి విజ్ఞాన కేంద్రం నంబరేదో, అడ్రినలిన్ ఉండే ఆసుపత్రి ఏదో కనుక్కుని, 108తో పాటు ఆఫీసు గోడ మీద పెద్ద అక్షరాలతో రాయించండి. ఈ వారమే రాయించండి. పట్టు పడ్డాక ఈ నంబర్లు వెతుక్కునే ఓపిక ఎవరికీ ఉండదు, కాగడా మాత్రం అప్పటికే వెలిగి ఉంటుంది.